కాస్త జరగండి

అనలకేలీ మెట్ల మీద, సగం ఎక్కాక ఎడమ చేతి వైపు,
గొడుగు కింద నా దుకాణం.
ఒక బల్ల, రెండు భూతద్దాలు, కరెంటు ఉంటే ఒక దీపం.

ఆవిడ ల్యాప్‌టాప్‌ని బియ్యం సంచిలో తెచ్చింది.
పేరు వువహిరాన. ఇటుకల బట్టీ ఆవిడది,
ఇకూపా ఒడ్డున, వరి కోసేశాక
పొలాల్లో ఇటుకలు మొలిచే చోట.
మూత తెరిస్తే సందుల్లోంచి ఎర్రదుమ్ము రాలింది.

"మరిచిపోయాను" అంది.
నాతో కాదు, బల్లతో.

మీట నొక్కాను.
నల్లటి తెర, చిన్న పెట్టె, అందులో తాళం బొమ్మ.
మూడు తప్పులకే మొరాయించింది.
ఇది లోపలి గది తాళం కాదమ్మా, అన్నాను,
ఇల్లు తాను ఇల్లని ఇంకా ఎరగక ముందే
గడపకి అడ్డంగా పడుకున్న కుక్క.
డిస్కు మార్చినా లేవదు.
బొత్తామంత బ్యాటరీ పీకి రాత్రంతా పక్కన పెడితే
పాతకాలం యంత్రాలు మరిచిపోయేవి.
ఇవి మరిచిపోవు. మరపు మన వంతు.

అనకుండా ఉండాల్సింది.
"మా అమ్మ కూడా మొదట ఒక్క మాటే పోగొట్టుకుంది,
ఉప్పు" అంది ఆవిడ.
"కూర రుచి చూసి, అదీ, ఆ తెల్లదీ, అని చెయ్యి ఊపేది."

ఏం చెప్పాలో తోచక స్క్రూలు తీశాను.
యంత్రం మీదేనా అని అడగాలి, అడిగాను.
తిప్పి చూపించింది: అడుగున మేకుతో గీసిన పేరు,
పేరు పక్కన ఒక ఇటుక.

ఎనిమిది కాళ్ళ చిప్పు, మిరియపు గింజంత.
చుక్క ఉన్న వైపు ఎర్రతీగ రావాలి.
పొరపాటైతే యంత్రం ఇక లేవదు.
"ఎవరికెన్ని ఇటుకలు అరువిచ్చానో అంతా అందులోనే.
మూడు వారాలుగా పేటంతా నన్ను నవ్వుతూ పలకరిస్తోంది."

క్లిప్పు పట్టుకుని వంగినప్పుడు చూశాను.
పెట్టంతా వెలిసిపోయింది, కీబోర్డు ఒక్కటే కొత్త నలుపు.
ఎప్పుడు మార్చారు?
"దుమ్ముకి మీటలు బిగుసుకుపోతే మా మరిది వేయించాడు.
చవగ్గా దొరికిందట. మూడు వారాలైంది."
ఈ మూడు వారాలూ ఆ మూడు వారాలూ ఒకటేనని
ఆవిడకి తట్టలేదు. అప్పటికే
నేరం తనమీద వేసుకుని కూర్చుంది.

దుబాయి పెట్టెలోంచి దిగిన సరుకు.
అక్షరాల పై వరుసలో మొదటి మీట క్యూ.
మా దగ్గర అక్కడ ఏ ఉండాలి.

క్లిప్పు కింద పెట్టేశాను.
గుర్తున్న మాటేదో చెప్పండి, తప్పైనా సరే.
అటూ ఇటూ చూసి చెవిలో చెప్పింది.
అజఫాది.

ఈ మెట్ల మీద రోజుకి వెయ్యిసార్లు వింటాను.
నెత్తిన బుట్టలతో, వీపున బిడ్డలతో
జనంలోంచి దారి చేసుకునే వాళ్ళ మాట.
దయచేసి, మన్నించండి, కాస్త జరగండి,
మూడూ అదే.

"నలభైసార్లు కొట్టాను. తెరుచుకోకపోతే
మరిచిపోయింది నేనే కదా?"

కాదమ్మా.
మాట ఉన్నచోటే ఉంది, జరిగింది అక్షరాలు.
దీనికి అక్షరం తెలీదు, చోటు తెలుసు.
ఏ బదులు క్యూ నొక్కండి, జెడ్ బదులు డబ్ల్యూ.
తక్కినవి కదల్లేదు.

ఒక్కటే వేలు,
ఇటుక కాలిందో లేదో తట్టి చూసే వేలు,
ఏడుసార్లు, ఆగి ఆగి.
లోపల ఫ్యాను గొంతు సవరించుకుంది.

ఆవిడ నవ్వలేదు.
"ఉప్పు" అంది మెల్లగా. మళ్ళీ, "ఉప్పు."

తర్వాత కళ్ళజోడు సర్దుకుని, లెక్కలు తెరిచి,
మొదటి వరుస పైకి చదివింది:
పన్నెండు వందల ఇటుకలు, రచిఫెహెర.
మా బావమరిది.
కళ్ళజోడు మీంచి నన్నే చూస్తోంది.
ఎంతివ్వాలి అని
నేనే అడగాల్సి వచ్చింది.